అత్తను లేపిన ఎండాకాలం

నా బావమరిది నన్ను చేతకానివాడన్నాడు. నా భార్య పోయిన నెల తిరక్కముందే, నా ఇంట్లో, నా కుర్చీలో కూర్చుని, నా టీ తాగుతూ అన్నాడు. అది జరిగిన సంగతి. దాని మీద వాదన లేదు.

ఆ మాట రావడానికి కారణం మా అత్త, అంటే అతని కన్నతల్లి. ఆవిడ మోకాళ్లు పట్టు వదిలేసి చాలా ఏళ్లయింది. పొద్దున ఎవరో ఒకరు మంచం మీంచి లేపి కిటికీ పక్కన కుర్చీలో కూర్చోబెట్టాలి. సాయంత్రం మళ్లీ మంచం మీదికి చేర్చాలి. కొడుకు ఇంట్లో చోటు లేదు కాబట్టి మొదటినుంచీ మా దగ్గరే. లేపడం, పడుకోబెట్టడం అంతా నా భార్యే చూసుకునేది. నా భార్య బక్కపలచని మనిషి. అత్త ఆమెకు రెండింతలుంటుంది. అయినా ఎలా లేపేదో నాకు తెలియదు. నేను షాపుకు పోయాక అత్త లేచేది, నేను వచ్చేసరికి పడుకునేది. ఆ అవస్థ అల్లుడి కంట పడకూడదని ఆవిడ పట్టుదల.

నాది గడియారాలు బాగుచేసే పని. పళ్లపుల్లకన్నా సన్నని పనిముట్లతో, కంటికి భూతద్దం తగిలించుకుని, రోజంతా వంగి కూర్చునే పని. బరువనేది ఎరగను.

ఆ రోజు చుట్టాలంతా ముందుగదిలో ఉన్నారు. అత్తను కుర్చీలోకి చేర్చాలి. చూపించేద్దామని నేనే ముందుకు వెళ్లి, చంకల కింద చేతులు వేసి ఎత్తాను. ఆవిడ చెక్కలా బిగుసుకుపోయింది. మొహం పక్కకు తిప్పేసుకుంది. నా చేతులు జారాయి. పరుపుతో సహా ఇద్దరం నేల మీద కూలబడ్డాం. దెబ్బలేమీ తగల్లేదు. ఎవరూ నవ్వలేదు. నవ్వి ఉంటే బాగుండేది.

బావమరిది టీ గ్లాసు కింద పెట్టాడు.

"చిన్న ముల్లు, పెద్ద ముల్లు తిప్పుకునే చేతులు బావా అవి. నీకు చేతకాని పని. ఎందుకొచ్చిన పంతం చెప్పు. నాకు తెలిసిన వృద్ధుల హోమ్ ఒకటుంది. వానలు మొదలవగానే అమ్మను అక్కడ చేర్చేస్తాను."

"వానల దాకా ఎందుకు? ఇప్పుడే తీసుకుపో."

"ఇప్పుడు ఖాళీ లేదు. అప్పటికి ఒక మంచం ఖాళీ అవుతుందన్నారు."

మంచం ఎలా ఖాళీ అవుతుందో ఎవరూ అడగలేదు.

"వానలు మొదలయ్యేసరికి నేనొక్కణ్ణే లేపుతాను," అన్నాను. "లేపితే ఆవిడ ఇక్కడే ఉంటుంది. నువ్వు నోరు మూసుకుంటావు."

"లేపి చూపించు. అప్పుడు చూద్దాం."

అత్త మీద ప్రేమతో అన్న మాట కాదది. ఆ మాట పడి ఊరుకోలేక అన్నాను. ఆవిడను ఎవరూ ఏమీ అడగలేదు. ఆవిడ గోడ మీద గడియారం వైపు చూస్తూ, "అక్కడ గోడకి గడియారం ఉంటుందో లేదో," అంది.

ఆ మాట అర్థం కావాలంటే మా ఇంటి పద్ధతి చెప్పాలి. పెళ్లయిన నాటినుంచి అత్త నాతో ఎదురుగా ఒక్క మాట మాట్లాడలేదు. నేను ఎదురుగానే కూర్చుని ఉన్నా, "అల్లుడుగారిని భోంచేయమను," అని కూతురితో చెప్పేది. కూతురు నావైపు తిరిగి, "విన్నారుగా," అనేది. కూతురు పోయాక మాట మోసే మనిషి లేకపోయింది. ఆవిడ కొన్నాళ్లు ఊరుకుని, గోడ గడియారాన్ని ఎంచుకుంది. "అల్లుడుగారు గొడుగు మర్చిపోయినట్టున్నారు," అని దానితో అనేది. "మబ్బు లేదు, అక్కర్లేదు," అని నేనూ గడియారానికే చెప్పి బయటపడేవాణ్ణి. బయటివాళ్లు చూస్తే ఇద్దరికీ పిచ్చి అనుకుంటారు. మాకు జరిగిపోయేది.

ఒళ్లు తుడిచి బట్టలు మార్చడానికి ఒక ఆయా వచ్చేది. ఎత్తమంటే మాత్రం, "నా నడుం నాక్కావాలి బాబూ," అంది. పక్కింటి లారీ డ్రైవరు మంచివాడు. పొద్దునా సాయంత్రం వచ్చి, అతనూ నేనూ చెరో వైపు దుప్పటి పట్టి సామాను దించినట్టు దించేవాళ్లం. ఆ కాసేపూ అత్త కళ్లు గట్టిగా మూసుకునేది. వేసవి చివర్లో అతను ఇల్లు మారిపోతున్నాడు.

నా షాపుకు ఎదురుగా, టైర్ల దుకాణం పైన, జిమ్ ఉంది. పొద్దున్నుంచి అందులోంచి దబదబమని పాటలు. ఆ చప్పుడుకు నేను గడియారం గుండె వినలేక ఎన్నోసార్లు తిట్టుకున్నాను. ఇప్పుడు అక్కడికే వెళ్లాలి.

వెళ్లడం అంత తేలిక కాలేదు. మెట్ల దాకా పోయాను. పైనుంచి ఎవరో నవ్వారు. నా గురించి కాకపోవచ్చు. వెనక్కి వచ్చేశాను. మర్నాడు పనిముట్ల సంచీ చంకన పెట్టుకుని వెళ్లాను. సంచీ ఉంటే మనిషిని ఎవరూ చూడరు. సంచీనే చూస్తారు.

"గడియారం చూడటానికొచ్చాను," అన్నాను.

అక్కడ గోడ మీద పెద్ద గడియారం ఉంది. నిచ్చెన వేయించుకుని ఎక్కాను. పైనుంచి హాలంతా కనిపించింది. ఇనుప చక్రాలు, కడ్డీలు, ఎక్కడికీ పోని సైకిళ్లు. గడియారం విప్పి, తుడిచి, బిగించి, మళ్లీ విప్పాను. ఒక కన్ను గడియారం మీద, ఒక కన్ను వాళ్ల మీద. ఎవరు ఎలా వంగుతున్నారు, ఎక్కడ పట్టుకుంటున్నారు, ఎప్పుడు ఊపిరి వదులుతున్నారు. చూస్తూ ఉంటే పొద్దు తెలియలేదు. మర్నాడూ వెళ్లాను. ఆ తర్వాతా వెళ్లాను.

కోచ్ మెడ, తల ఒకే వెడల్పున్న మనిషి. గొంతు మాత్రం పసిపిల్లను నిద్రపుచ్చుతున్నట్టుంటుంది. నిచ్చెన కింద నిలబడి అడిగాడు.

"ఏమైంది పెద్దాయనా దానికి?"

"నూనె పట్టించాలి."

"బ్యాటరీ గడియారానికి నూనె ఏమిటి పెద్దాయనా?"

ఈ వృత్తిలోనే పుట్టి పెరిగినవాణ్ణి. అలాంటి మాట నా నోట రావడం అదే మొదటిసారి. నిచ్చెన దిగాను.

"మీరు దీని కోసం రావడం లేదు. దేనికొస్తున్నారో చెప్పండి," అన్నాడు.

"ఒక మనిషిని ఎత్తాలి."

"ఎవర్ని?"

"మా అత్తని."

అతను నవ్వకపోవడం చూసి అతన్ని మనిషి కింద లెక్కవేశాను.

"ఎంత బరువుంటారు?"

"అడగలేదు. అడిగే చుట్టరికం కాదు."

"సరే. సంచీ అక్కడ పెట్టి రండి."

అక్కడ నాకు పడనివి అద్దాలు. నాలుగు గోడలకూ అద్దాలే. మా ఇంట్లో గడ్డం గీసుకునే అద్దంలో ఒకసారికి ఒక చెంపే కనిపిస్తుంది. నన్ను నేను నిలువునా చూసుకోవడం అక్కడే. మెడ ముందుకు వంగిపోయి, భూతద్దం పెట్టే కన్ను చిన్నదైపోయి, మెడ దాకా బొత్తాలు పెట్టుకున్న పొడుగు చేతుల చొక్కాలో ఒక ముసలి కొంగ. ఏ వైపు తిరిగినా అదే కొంగ. స్తంభం వెనక ఒక మూల దొరికింది. అక్కడ అద్దం పగిలి తీసేశారు. ఆ ఎండాకాలమంతా అదే నా చోటు.

ఆ మూలకు నాకన్నా ముందునుంచే ఒక హక్కుదారుడున్నాడు. బ్యాంకు గుమస్తా. భారీ మనిషి. నడిచే యంత్రం ఎక్కగానే దాని మీద వెలిగే అంకెలు కనబడకుండా తువ్వాలు కప్పేసేవాడు. కొన్నాళ్లకు తనే మాట కలిపాడు.

"మీరు గడియారం బాగుచేసిన రోజుల్లో నేను మానేద్దామనుకున్నానండి. నిచ్చెన మీంచి నన్నే చూస్తున్నారనుకున్నాను."

"నేను నిన్ను చూడనే లేదు."

"తర్వాత తెలిసిందండి," అని తువ్వాలుతో మొహం తుడుచుకున్నాడు. "కాస్త బాధేసింది కూడా."

కోచ్ నాతో ఉత్త కడ్డీ ఎత్తించాడు. తర్వాత దానికి చిన్న చక్రాలు తగిలించాడు. తర్వాత ఇసుక సంచీ. నడుంతో కాదు, తొడలతో లేవమన్నాడు. బరువును ఒంటికి దగ్గరగా ఉంచుకోమన్నాడు. ఒళ్లు నొప్పులతో షాపులో స్క్రూడ్రైవరు వణికేది. అయినా ఇసుక సంచీ లేచింది. నేను లేపానంటే నాకే వింతగా ఉండేది.

ఇంటికి వచ్చి అత్తను ఎత్తబోతే మాత్రం లేచేది కాదు. సంచీకి సిగ్గు లేదు. ఆవిడకు ఉంది. నా చెయ్యి తగలగానే మెడనుంచి మడమ దాకా బిగుసుకునేది. బిగుసుకున్న మనిషి రెండింతల బరువు. మళ్లీ డ్రైవరును పిలవాల్సి వచ్చేది.

ఒక పొద్దున డ్రైవరు కోసం చూస్తూ ఇద్దరం ఊరికే ఉన్నాం. అత్త గడియారంతో అంది. "ఆ మేడ మీద రోజూ ఏం చేస్తారో. ఎవరెవరొస్తారో."

"అన్ని రకాలూ వస్తారు," అన్నాను గడియారంతో. "ఒక కుర్రాడున్నాడు. అద్దం ముందునుంచి కదలడు. నిన్న తన భుజానికి తనే ముద్దు పెట్టుకున్నాడు."

అత్త కాసేపు ఆలోచించింది. "ఇంకెవరూ పెట్టకపోతే ఏం చేస్తాడు పాపం," అంది గడియారంతో.

నా భార్య పోయాక ఆ ఇంట్లో నేను నవ్వడం అదే మొదలు. నవ్వినందుకు నా మీద నాకే కోపం వచ్చింది.

అప్పటినుంచి రోజూ అడిగేది, రోజూ చెప్పేవాణ్ణి. నేను కబుర్లు చెప్పే మనిషిని కాను. కానీ చెప్పాలంటే చూడాలి కదా. జిమ్‌లో నా గురించిన ధ్యాస కొంచెం తగ్గింది. నన్ను ఎవరు చూస్తున్నారా అనే భయం పోలేదు కానీ, అత్తకు ఏం పట్టుకుపోదామా అనే వెతుకులాట దాని పక్కన వచ్చి కూర్చుంది. గుమస్తా తువ్వాలు రంగు మారిస్తే చెప్పాను. అద్దం కుర్రాడికి జలుబు చేస్తే చెప్పాను. అత్తకు అందరికన్నా నచ్చింది లెక్కల టీచరు. ఆవిడ మగవాళ్లకన్నా ఎక్కువ బరువు ఎత్తుతుంది. ఎత్తుతూ గట్టిగా లెక్కపెడుతుంది.

ఆ సంగతి చెబుతున్న రోజున డ్రైవరు రాలేదు. లారీ తీసుకుని వెళ్లిపోయాడట. ఆయా తన పని చేసి పోయింది. ఎండ కిటికీలోంచి మంచం మీదికి వచ్చేసింది. నేను మంచం పక్కన వంగాను.

"ఆరు, ఏడు, ఎనిమిది అంది. ఎనిమిది దగ్గర ఆగింది. మళ్లీ ఎనిమిది అంది. ఇంకోసారి ఎనిమిది అంది."

"లెక్కల టీచరై ఉండీనా?"

"అవును. కోచ్ వెళ్లి, టీచరుగారూ, ఎనిమిది ఇందాకే అయిపోయింది అన్నాడు."

"అప్పుడావిడేమంది?"

"నాకు లెక్కలు నేర్పకు, చేతనైతే పట్టు, అంది."

అత్త నవ్వింది. పొట్ట కదిలేలా నవ్వింది. నా మెడ చుట్టూ ఆవిడ చెయ్యి పడింది. పాదాలు నేలను వెతుక్కున్నాయి. నేను తొడల మీద లేచాను. కొంచెం తిరిగాను. వంగాను.

ఆవిడ కుర్చీలో ఉంది.

ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకోలేదు. నేను నీళ్ల గ్లాసు అందించాను. ఆవిడ తాగింది. అప్పుడు గుర్తొచ్చింది. "అప్పుడావిడేమంది" అని ఆవిడ అడిగింది గడియారాన్ని కాదు.

షాపు తెరవడం ఆలస్యమైంది. బయల్దేరుతుంటే వెనకనుంచి అంది.

"మీ ఆవిడా ఇంతే. ఎత్తేటప్పుడు నోరు మూసేది కాదు. వీధిలో సంగతులన్నీ నాకు ఆ కాసేపట్లోనే చెప్పేది. వింటూ ఉండగానే కుర్చీలో ఉండేదాన్ని."

"ఏం సంగతులు?"

"అందరివీ. మీవి కూడా."

"నావా? నాకేం సంగతులున్నాయి?"

"మొండి గడియారం వస్తే దాన్ని బతిమాలతారట కదా. బంగారం, ఒక్కసారి తిరగవే, అంటారట."

నేను చెప్పులు వేసుకుని వెళ్లిపోయాను. దారిపొడుగునా అదే ఆలోచన. నా భార్య షాపుకు ఎప్పుడో అన్నం క్యారేజీ తెచ్చినప్పుడు వినుంటుంది. విన్నట్టు నాకు ఎన్నడూ చెప్పలేదు. ఇంకా ఏమేం చెప్పిందో అత్తను అడగాలనిపించింది. రోజుకు ఒకటి అడిగాను. పొద్దున నేను జిమ్ సంగతి చెప్పేవాణ్ణి, సాయంత్రం ఆవిడ నా భార్య చెప్పిన సంగతి చెప్పేది. కుర్చీలోకి నా మాట, మంచం మీదికి ఆవిడ మాట. డ్రైవరు ఇల్లు మారిన రోజున మాకు అతని అవసరం లేదు. వీడ్కోలు చెప్పి పంపించాం.

"అక్కడ మీరేం చేస్తారు మరి? మీ సంగతి ఒక్కటీ చెప్పరేం?" అని అత్త అప్పుడప్పుడు అడిగేది.

"నేను స్తంభం వెనక ఉంటాను. నాకేం జరగదు."

మొదటి వాన పడిన మర్నాడు నాకు జరిగింది.

ఆ పొద్దున జిమ్ నిండుగా ఉంది. కోచ్ నన్ను స్తంభం వెనకనుంచి బయటికి పిలిచాడు. అందరి మధ్యా, అద్దాల మధ్యా, ఎన్నడూ ఎత్తని బరువు ముందు నిలబెట్టాడు. గుమస్తా తువ్వాలు తీసి చూస్తున్నాడు. లెక్కల టీచరు లెక్క ఆపింది. నేను వంగాను. ఆ తర్వాత జరిగింది జరిగింది. ఇంటికి కోచ్ ఇచ్చిన ప్యాంటుతో వచ్చాను. సాగే గుడ్డ, పక్కన పచ్చ గీతలు, నాకు రెండు జానల పొడుగు ఎక్కువ.

సందు మలుపు తిరిగేసరికి ఇంటి ముందు వ్యాను ఆగి ఉంది. బావమరిది లోపల ఉన్నాడు. హోమ్ బట్టలు వేసుకున్న మనుషులు ఇద్దరు చక్రాల కుర్చీతో గోడకు ఆనుకుని ఉన్నారు.

"మంచం ఖాళీ అయింది బావా," అన్నాడు. నా ప్యాంటు చూశాడు. "ఏంటిది, ఈ వయసులో?"

నేను వంగి ప్యాంటు అంచులు పైకి మడుచుకున్నాను.

"మాట ఇచ్చావుగా. లేపు మరి. నువ్వొక్కడివే. చూస్తాను."

అత్త మంచం మీద ఉంది. మొహం పాలిపోయి ఉంది. కొడుకు, ఆ ఇద్దరు, ఆయా, అందరూ ఆవిడ వైపే చూస్తున్నారు. అంతమంది చూపులు మీద పడితే ఒళ్లు ఏమవుతుందో అప్పటికి గంట ముందే నాకు తెలిసొచ్చింది. వంగి చేతులు వేశాను. చెక్క. మొదటి రోజు ఎలా ఉందో అలాగే.

"లెక్కల టీచరు ఇవాళ..." అన్నాను.

ఆవిడ వినడం లేదు. కళ్లు కొడుకు మీదున్నాయి.

"వదిలేయ్ బావా. మళ్లీ ఇద్దరూ పడతారు," అన్నాడు అతను. ఆ ఇద్దరూ చక్రాల కుర్చీ ముందుకు తోశారు.

నేను లేవలేదు. అలాగే వంగి, ఆవిడ చెవి దగ్గర నోరు పెట్టాను. ఆ పొద్దున నాకేం జరిగిందో, ఎవరేమన్నారో, అద్దాల్లో ఎటు చూసినా ఏం కనిపించిందో, కోచ్ ప్యాంటు నా మీదికి ఎందుకొచ్చిందో మొదటినుంచి చివరి దాకా చెప్పాను. ఏదీ దాచలేదు.

ముందు ఆవిడ భుజం కదిలింది. తర్వాత పొట్ట. నోరు నొక్కుకుంది, ఆగలేదు. కళ్లలోంచి నీళ్లు కారాయి. ఒంట్లో ఉన్న బిగువంతా ఎటు పోయిందో పోయింది. చెయ్యి వచ్చి నా మెడ మీద పడింది. నేను లేచాను. ఇసుక సంచీ కన్నా తేలిగ్గా లేచింది. తిప్పి కుర్చీలో కూర్చోబెట్టాను. వాళ్ల కుర్చీలో కాదు. కిటికీ పక్క కుర్చీలో.

అత్త కళ్లు తుడుచుకుంది. నావైపు తిరిగి, నా మొహంలోకి చూసి, "ఎండలో పడి వచ్చారు, కాసేపు కూర్చోండి," అంది. తర్వాత గోడ గడియారం వైపు తిరిగింది. "అబ్బాయి వాళ్లకు మంచినీళ్లు ఇవ్వాలి. తాగి వెళతారు," అంది.

బావమరిది తల్లినీ గడియారాన్నీ మార్చి మార్చి చూశాడు. ఆ ఇంట్లో పుట్టి పెరగకపోయినా ఆ పద్ధతి అతనికి తెలుసు. నీళ్లు తాగాడు. ఆ ఇద్దర్నీ వ్యాను దగ్గరికి పంపించాడు. గుమ్మం దగ్గర ఆగాడు.

"చెవిలో ఏం చెప్పావు బావా?"

గుమ్మం బయట ఉన్న అతని చెప్పుల వైపు వేలు చూపించాను.

తర్వాత చాలాసార్లు అడిగాడు. పండగలకు ఫోన్ చేసి అడిగాడు. కిందటేడు అత్త పోయినప్పుడు, అందరూ వెళ్లాక, మెల్లగా, చిన్నపిల్లాడిలా అడిగాడు. అమ్మ అంత నవ్వడం నేనెప్పుడూ చూళ్లేదు బావా, అన్నాడు. అతను నన్ను చేతకానివాడన్నాడు. నేను మర్చిపోలేదు.

అత్త కుర్చీ కిటికీ పక్కనే ఉంది. గడియారానికి ఇప్పటికీ కీ ఇస్తున్నాను. జిమ్‌కి వెళుతూనే ఉన్నాను, స్తంభం వెనకే. ఆ పొద్దున అక్కడ చూసినవాళ్లు ఉన్నారు. వాళ్లు చెబితే చెప్పుకోనీ. నేను ఒక్కరికే చెప్పాను, ఒక్కసారే చెప్పాను. ఇక ఆ మాట నా నోట రాదు. మీరూ అడగొద్దు.